సిగ్నే హాల్వర్ ఆదరణ కూడిక

"గిదేందన్నా?"

మేఘన తొర్రూరు డిగ్రీ కాలేజీలో చరిత్ర చెబుతుంది. ఆమె షాపులోకి వస్తే చాలు, ఫ్లెక్సీలు కొట్టే కృపాకర్ చేతిలో మౌస్ నిలవదు. అన్నా అని పిలిచినప్పుడల్లా మాత్రం ప్రాణం ఉసూరుమంటుంది.

ఇవాళ ఆమె చూపుడువేలు ఫ్లెక్సీ మీద ఉంది. అందులో పాతకాలపు తెల్లదొరసాని నవ్వుతోంది. చుట్టూ లిల్లీపూలు, పక్కన సిలువ. కింద పెద్ద అక్షరాలు: "ప్రభువునందు నిద్రించిన సిగ్నే హాల్వర్ గారి ఆదరణ కూడిక."

"ఫొటో, పేరు, పుట్టిన సంవత్సరం, పోయిన సంవత్సరం పంపి, పదకొండింటికి మీటింగ్ అన్నరు కద మేడం! గట్ల పంపితే మేం గిదే చేస్తం. పేరు చూసి మా చర్చోళ్లే అనుకున్న."

"ఆమె నార్వే యాక్ట్రెస్! మూకీ సినిమాల కాలం మనిషి. ఇయ్యాల ఆమె పేరు మీదనే మా ఫిల్మ్ క్లబ్ మొదలైతాంది. ప్రిన్సిపాల్‌ను ఒప్పిచ్చేసరికి ఏడాది పట్టింది. ఇప్పుడు పిల్లల ముంగట చావు ఫ్లెక్సీ కట్టాల్నా?"

ఆమె కళ్లల్లో నీళ్లు తిరిగాయి. కృపాకర్ పరేషాన్ అయిపోయాడు. గడియారం పదీ పది చూపిస్తోంది.

"జర కూసోండి. మళ్ల కొడత."

సిలువ తీసేశాడు, పూలు తీసేశాడు. "ఈమె సినిమా బొమ్మ ఏదన్న ఏద్దామా?"

"ఒక్క సినిమా గూడ మిగల్లే. రీళ్లన్ని ఖరాబైనయి. గీ ఒక్క ఫొటోనే దొరికింది. ఆమెను యాది చేసేటోళ్లే లేరు."

"మనం లేమా?" అంటూ ఫొటో కింద టైపు చేశాడు: "సిగ్నే హాల్వర్, తొర్రూరు నిన్ను యాది చేస్తాంది."

పదకొండుకు ఐదు నిమిషాల ముందు అతనే కొత్త ఫ్లెక్సీని బండి మీద తీసుకెళ్లి కాలేజీ హాల్లో కట్టి వచ్చాడు.

సోమవారం ఆమె మళ్లీ వచ్చింది. "ఆ మొదటి ఫ్లెక్సీ నాకియ్యి. దాచుకుంట."

కృపాకర్ తల గోక్కున్నాడు. "లేదు మేడం. మా అమ్మ చర్చికి పట్టుకపోయింది. పేరు రాసినంక ప్రార్థన చెయ్యకుంటే తప్పని, నిన్న కూడిక పెట్టిచ్చింది. నలభై మంది వచ్చిన్రు. అందరికి చాయ్ పోసింది."

మేఘన నవ్వబోయి ఆగింది. "గా సిగ్నే కోసమా?"

"ఆమెకు చుట్టాలెవ్వరు లేరా అని అడిగింది. మీ పేరు చెప్పిన."

"మరి నన్నెందుకు పిలువలే?"

"పిలుద్దామనుకున్న. అందరి ముంగట అన్నా అంటరని భయపడ్డ."

ఆ మాట నోరు జారాక కృపాకర్ చెవులు ఎర్రబడ్డాయి.

"వచ్చే ఆదివారం అమ్మకాడికి తోలుకపో. మా చుట్టానికి చాయ్ పోసిన మనిషిని చూడాలె" అంది మేఘన. గడప దాటుతూ వెనక్కి తిరిగింది. "తొమ్మిదింటికి వస్త, కృపాకర్."

మౌస్ కింద పడింది.