సంగటి కట్టె

పొద్దున ఆరు గంటలకే లోకేశ్వరి పొయ్యి దగ్గర చేరి సంగటి కెలుకుతోంది. కుండను పాదాలతో అదిమిపట్టి, రెండు చేతులతో కట్టె తిప్పుతున్న కూతురిని మునిరత్నమ్మ గడప మీద కూర్చుని తృప్తిగా చూసుకుంది. నగరి వీధిలో అప్పటికే మరమగ్గాల మోత మొదలైంది.

నలభై రెండేళ్ళ లోకేశ్వరికి పదహారేళ్ళుగా మనసు జబ్బు ఉంది. ఒకప్పుడు ఇంట్లో మాటలు వినిపిస్తున్నాయని వీధిలోకి పరిగెత్తిన మనిషి, మూడేళ్ళుగా ప్రతి ఉదయం తన చేత్తోనే సంగటి చేస్తోంది. తల్లిని కట్టె ముట్టుకోనివ్వదు. కూతురికి నయమైందనడానికి అంతకంటే రుజువేం కావాలని మునిరత్నమ్మ వీధి వీధంతా చెప్పుకుంది.

తిన్నాక లోకేశ్వరి వసారాలోని మగ్గం ముందు కూర్చుంది. ఎదురింటి చంద్రకాంతమ్మ వచ్చి పక్కన చేరింది. అయిపోయిన పడుగు నిలువు పోగుల కొసలకు కొత్త పడుగు పోగులను ఒక్కొక్కటిగా మెలిపెట్టి ముడేసి అతకడం వాళ్ళిద్దరి పని, ఆపైన నేత లోకేశ్వరిది. వేళ్ళకు బూడిద అద్దుకుని పన్నెండేళ్ళుగా పక్కపక్కనే కూర్చుని వేలాది పోగులు అతుకుతున్నారు.

ఎనిమిదింటికి ఇంటి ముందు ఒక కారు, దాని వెనకే ఒక తెల్ల వ్యాను ఆగాయి. కారులోంచి మునిరత్నమ్మ కొడుకు మునిప్రసాద్ దిగాడు. తిరుపతిలో బట్టల అంగడి పెట్టుకుని అక్కడే స్థిరపడినవాడు. ముందుగా చెప్పకుండా ఎన్నడూ రాడు.

"ఏం నాయనా, ఇంత పొద్దున్నే? ఆ వ్యాను ఎవురిది?"

"మా, లోపలికి రా, చెప్తాను."

"ఈడ్నే చెప్పు. ఇంట్లో పరాయోళ్ళు ఎవురుండారు?"

మునిప్రసాద్ గొంతు తగ్గించాడు. "శుక్రవారం పుత్తూరు వాళ్ళు పెండ్లికి మా నందినిని చూసుకుని, నాయనమ్మ ఇల్లు కూడా చూస్తామంటా ఉండారు. ఆ పొద్దు లోకా ఈడ ఉంటే బాగుండదు. పది దినాలు మనసు జబ్బోళ్ళ హోముకు పంపిద్దాం. డాక్టరు చీటీ తెచ్చినాను. నువ్వొక సంతకం పెడితే చాలు."

"డాక్టరు ఎప్పుడొచ్చి చూసినాడు దీన్ని?"

"చూడాల్సిన పనేముండాది? పాత కాగితాలు చూపించినాను."

మునిరత్నమ్మ లేచి నిలబడింది. నిటారుగా నిలబడితే అరవై ఎనిమిదేళ్ళ ఆ మనిషి ముందు కొడుకు ఎప్పుడూ చిన్నవాడే. "మనిషిని చూడకుండా చీటీ రాసేవాడు డాక్టరు కాడు. మనిషి ఒప్పుకోకుండా వ్యాను ఎక్కించడానికి అది మూట కాదు. దాని తరపున సంతకం పెట్టాల్సింది కన్నతల్లిగా నేను. నేను పెట్టను."

"నీ మనవరాలి బతుకు నీకు అక్కర్లేదా మా? ఈమె వాళ్ళ ముందర ఏదో ఒకటి మాట్లాడిందంటే సంబంధం పోతుంది!"

"నేనీడ్నే ఉండాను అన్నా," అంది లోకేశ్వరి, పోగు మీంచి చూపు తిప్పకుండా. "నాతో మాట్లాడు."

వ్యానులోంచి దిగిన ఢిల్లీబాబు అనే హోము ఉద్యోగి వసారా మెట్ల దగ్గర నిలబడ్డాడు. లోకేశ్వరి చేతులు తుడుచుకుని, లోపలికి వెళ్ళి, ప్లాస్టిక్ కవరులో భద్రపరిచిన కాగితం తెచ్చి అతనికి ఇచ్చింది. అతను చదివి, కవరులో పెట్టి, రెండు చేతులతో తిరిగి ఇచ్చాడు.

"సార్, తనకు బాగలేనప్పుడు ఏం చెయ్యాలో ఈమె చట్టప్రకారం ముందుగానే రాసి పెట్టుకుండారు. మానసిక ఆరోగ్య బోర్డులో నమోదు కూడా అయ్యుండాది. ఈమె తెలివిగా ఉన్నంతవరకు ఈమె ఒప్పుకోవాల. బాగలేనప్పుడైతే ఈమె పేరు రాసిన మనిషి అడగాల, డాక్టర్లు కండ్లారా చూడాల. మీ సంతకం గానీ పెద్దమ్మ సంతకం గానీ చెల్లదు. నేను తీసుకుపోతే రేపు నేను జవాబు చెప్పుకోవాల."

"మా అమ్మ సంతకం చెల్లదా?" మునిప్రసాద్ విస్తుపోయాడు.

"ఈడ రాసిన పేరు చంద్రకాంతమ్మ అని ఉండాది."

పోగులు అతుకుతున్న చంద్రకాంతమ్మ తలదించుకుంది. "నేను వద్దన్నాను పెద్దమ్మా. నా మొగుడే నన్ను నమ్మి రేషను కార్డు నా చేతికియ్యడు, నా పేరెందుకే అన్నాను. వినలా."

మునిరత్నమ్మ కూతురి వైపు చూసింది. ఏళ్ళ తరబడి ఆసుపత్రుల వరండాల్లో నేల మీద పడుకున్నది తాను. "కన్నదాన్ని నేనుండగా ఎదురింటి మనిషి పేరు రాస్తావా లోకా? నేనేం తక్కువ చేసినాను?"

లోకేశ్వరి కవరును మగ్గం మీద పెట్టి తల్లి వైపు తిరిగింది.

"సంగటిలో మాత్ర నలిపి పెట్టినావు కదమ్మా."

ఆ సంగతి లోకంలో తనకు తప్ప ఎవరికీ తెలియదని ఇన్నాళ్ళూ మునిరత్నమ్మ అనుకుంది.

"మూడేళ్ళ ముందర ఆరు నెలలు పెట్టినావు. ఒక దినం నల్ల ముద్దలో తెల్ల పలుకు కనబడింది. మెతుకు అనుకున్నా. నమిలితే చేదు. నువ్వు నా నోటి వైపే చూస్తా ఉండావు. నువ్వు బాధపడతావని నాలుగు దినాలు తెలిసే తిన్నా. ఆ తరవాత నువ్విచ్చిన నీళ్ళు కూడా చేదనిపించినాయి మా. జబ్బులో వినబడే మాటలు అబద్ధమని తిరుపతి ఆసుపత్రి డాక్టరమ్మ చెప్తే నమ్మాలనుకున్నా. కానీ అన్నంలో ఏదో కలుపుతా ఉండారన్న మాట మాత్రం నిజమే కదా?"

వీధిలోని మగ్గాలు మోగుతూనే ఉన్నాయి.

"అందుకే కట్టె నేను తీసుకున్నా. తిరుపతికి నేనే పోయి, మాత్రలు నా చేతికియ్యమని అడిగినా. కాగితం సంగతి డాక్టరమ్మే చెప్పింది. చంద్రక్క పేరెందుకంటే, నాకు జబ్బు తిరగబెట్టేటప్పుడు ముందు పోగులకు నేనేసే ముడులు బిగుసుకుపోతాయి. అక్క చూసి, లోకా, ముడులు గట్టిగా పడతా ఉండాయి, ఆసుపత్రికి పోదామా అని నన్నే అడుగుతుంది."

మూడేళ్ళుగా వీధంతా చాటుకున్న రుజువు తన నేరానికే సాక్ష్యమని మునిరత్నమ్మకు అప్పుడు అర్థమైంది. చూడకుండా చీటీ రాసిన డాక్టరును ఒక్క మాటతో తోసిపుచ్చింది. చెప్పకుండా మందు పెట్టిన తల్లిని ఏమనాలి? కళ్ళలో నీళ్ళు తిరిగాయి. వాటిని తుడుచుకోలేదు.

"తప్పు నాది," అంది. "నీ మంచికే అనుకున్నా. నిన్ను అడగలా. కాగితం యాడుండాదో అట్నే ఉండనీ. అందులో ఒక్క అక్షరం మార్చొద్దు."

తర్వాత కొడుకు వైపు తిరిగింది. "వ్యాను పంపించెయ్."

"పుత్తూరు వాళ్ళకు ఏం చెప్పేది మా?" మునిప్రసాద్ గొంతులో ఇప్పుడు కోపం లేదు, దిగులే ఉంది.

"నేను చెప్తాను. దీన్ని నా పక్కన కూర్చోబెట్టుకునే చెప్తాను. నా కూతురికి జబ్బుండాది, మందు తానే వేసుకుంటుంది, తనకు బాగలేనప్పుడు ఏం చెయ్యాలో చట్టం ఎదట తానే రాసి పెట్టుకునింది. అంత తెలివైన పని మీ ఇంట్లో ఎవురు చేసినారని అడుగుతాను. ఆ మాటకు లేచిపోయే సంబంధమైతే, రేపు నందినికి జొరమొచ్చినా వాళ్ళు వ్యానే పిలుస్తారు."

ఢిల్లీబాబు నవ్వు ఆపుకుంటూ వ్యాను ఎక్కాడు. మునిప్రసాద్ వెళ్ళలేదు. చెప్పులు విడిచి చెల్లెలి పక్కన నేల మీద కూర్చుని, తెగిన పోగు ఒకటి వేళ్ళ మధ్య నలుపుతూ, "శుక్రవారం ఏ చీర కట్టుకుంటావు లోకా?" అన్నాడు.

"నేను నేసిందే," అంది లోకేశ్వరి.

మర్నాడు పొద్దున మునిరత్నమ్మ ఎప్పటిలాగే గడప మీద కూర్చుంది. దగ్గరికి పోవడానికి ఇప్పుడు ఆమెకు ధైర్యం లేదు. లోకేశ్వరి కుండ దించి, పాదాలతో అదిమి, రెండు చుట్లు తిప్పి ఆగింది. మాత్రల అట్ట విప్పి, తల్లి కళ్ళ ఎదుటే ఒకటి వేసుకుని నీళ్ళు తాగింది. ఆపైన కుండ దగ్గర్నుంచి పక్కకు జరిగింది.

"మా, చేతులు లాగతా ఉండాయి," అంటూ కట్టె తల్లి వైపు చాచింది. "కొంచేపు నువ్వు కెలుకు."