చివరి పది నిమిషాలు

చిట్టి కాఫీ గ్లాసును అన్నయ్య కుడిచేతి దగ్గర పెట్టి, బల్లకేసి ఒకసారి టక్కుమనిపించింది. ఆ చప్పుడు వింటే చాలు, ఆయన చెయ్యి తడుముకోకుండా అక్కడికే వస్తుంది. ఎనిమిది నెలలుగా ఆ ఇంట్లో గ్లాసులూ గిన్నెలూ కుర్చీలూ అన్నీ తామెక్కడున్నామో ఇలాగే చప్పుడు చేసి చెప్పుకుంటున్నాయి.

అరవై రెండేళ్ళొచ్చిన తనను "చిట్టీ" అని పిలిచేవాడు లోకంలో ఇక ఆయనొక్కడే మిగిలాడు. లోకం ఆయన్ను "సినిమా ఫాదర్" అంటుంది. నలభై ఏళ్ళు చర్చిలో గురువుగా పూజలు చేసి, పెళ్ళిళ్ళు జరిపించి, సమాధులు దీవించి, పెద్దలు విశ్రాంతి తీసుకోమన్నాక చెల్లెలి రెండు గదుల ఇంటికి చేరాడు. ఏ ఊరి చర్చిలో ఉన్నా పొద్దున పూజ ఎంత ఖాయమో, వారానికో మ్యాట్నీ అంత ఖాయం. ఆదివారం పత్రికలో ఆయన సమీక్ష చూడకుండా టికెట్టు కొనని జనం ఉన్నారు. కవిత్వం మాత్రం ఒక్క పుస్తకమే. అందులో అమ్మ పోయినప్పుడు రాసిన కవితను ఇప్పటికీ ఎక్కడెక్కడో సమాధుల దగ్గర చదువుతుంటారు.

కంటి నరం ఎండిపోయిందని డాక్టరు తేల్చేసిన రోజు ఆయన ఒక్కటే కోరాడు. "పత్రికవాళ్ళకి చెప్పకే. గుడ్డివాడు సినిమాల మీద రాస్తున్నాడంటే నవ్విపోతారు." మొదట్నుంచీ ఆయన రాత కోడి గెలికినట్టుండేది కాబట్టి సాపు ప్రతి రాసి పంపేది చిట్టే. అక్కడెవరికీ అనుమానం రాలేదు.

సినిమా హాల్లో వెనక వరసలో గోడ పక్కన కూర్చునేవారు. ఆయన ఎడమ చెవి దగ్గర ఆమె గుసగుసగా చెప్పేది. "ముఖం. ఆడమనిషి. కిటికీలోంచి చూస్తోంది." వెంటనే ఆయన "ఎంతసేపు?" అనేవాడు. ఒక ముఖం తెరమీద ఎంతసేపు నిలిచిందో తెలియకపోతే తీసినవాడి మనసు తెలియదని ఆయన వాదం. ఆమె వేళ్ళు మడిచి లెక్కపెట్టి "తొమ్మిది" అనేది. బట్టలు కుట్టి, సరిచేసి బతికే మనిషికి కొలతలు చెప్పడం కష్టమేమీ కాదు.

కాఫీ సగం తాగాడో లేదో ఫోన్ మోగింది. ఆదివారం పేజీలు చూసే ఎడిటరమ్మ. చిట్టి అలవాటుగా స్పీకరు నొక్కి ఆయన ముందు పెట్టింది.

"ఫాదర్ గారూ, చిన్న చిక్కొచ్చిందండీ. మొన్నటి సమీక్షలో కొడుకు సమయానికి వచ్చి తల్లి చెయ్యి పట్టుకున్నాడని రాశారు కదా."

"అవునమ్మా. ఆ ముగింపు కోసమే సినిమా చూడమన్నాను."

"సినిమాలో వాడు రాడండీ. ఆవిడ తలుపుకేసి చూస్తూ చూస్తూ పోతుంది. ఆ తర్వాత ఖాళీ మంచం. పదిహేడు ఉత్తరాలొచ్చాయి. ఫాదర్ చివరిదాకా కూర్చోలేదా, ఎవరో చెబితే విని రాశారా అని అడుగుతున్నారు. ఏమని వేయమంటారు?"

అన్నయ్య గొంతు మారకుండా, "సాయంత్రంలోగా చెప్తానమ్మా" అన్నాడు. చిట్టి ఫోన్ పెట్టేసి, కడిగిన గ్లాసులనే మళ్ళీ కడగడానికి లేచింది. పిల్లి కళ్ళు మూసుకుని పాలు తాగినట్టు, తనను ఎవరూ చూడలేదనుకుంది ఇన్నాళ్ళూ.

"కూర్చో," అన్నాడాయన. "చివరి పది నిమిషాలు మాటల్లేవు. గడియారం, గాలి, అంతే. చుట్టూ జనం ఏడుస్తున్నారు. సంతోషంతో ఏడుస్తున్నారనుకున్నాను. వాడు వచ్చాడా?"

"రాలేదు."

"మరి వచ్చాడని ఎందుకు చెప్పావు?"

"నీ మనసు కష్టపడుతుందని."

"ఎంతమంది చావులు చూశానే నేను. తెరమీద ఒక ముసలావిడ పోతే నా మనసెందుకు కష్టపడుతుంది?"

ఆమె కొంగు కొసను వేలికి చుట్టుకుంది. ఆయన తల వంచాడు. సినిమా అయ్యాక మెట్లు దిగుతూ ఆలోచించుకునేటప్పుడు ఆయన అలాగే తల వంచుతాడు. అలా ఆలోచించాక ఆయన తప్పడం అరుదని ఆమెకు తెలుసు.

"తల్లి తలుపుకేసి చూస్తోంది. కొడుకు రాలేదు. అది చెప్పడానికి నీకు నోరు రాలేదు," అన్నాడు మెల్లగా. "చిట్టీ, మన అమ్మ నిద్రలో పోయిందని చెప్పింది కూడా నువ్వే."

తీగ లాగితే డొంకంతా కదిలింది. పంతొమ్మిదేళ్ళ కిందట ఆయన వేరే ఊళ్ళో సినిమాల పోటీకి తీర్పరిగా వెళ్ళాడు. మర్నాడు పొద్దున తిరిగొచ్చేసరికి అమ్మను స్నానం చేయించి పడుకోబెట్టి ఉంచారు. అన్నం తిని పడుకుంది, లేవలేదని చిట్టి చెప్పింది. ఆ మాట మీదే ఆయన కవిత లేచింది. *అమ్మ ఎవరికోసమూ ఎదురు చూడలేదు, నిద్రొచ్చింది, పడుకుంది.*

"చెప్పి ఏం చేయమంటావు?" చిట్టి గొంతు పెరిగింది. "పోయిన మనిషి తిరిగొస్తుందా? నువ్వేమో పుస్తకం వేశావు. అందరూ మెచ్చుకున్నారు. అప్పుడు నేనొచ్చి అదంతా అబద్ధమనాలా?"

"అనాలి. ఎంతోమంది తల్లులకి చావు ముందు నూనె రాసి చివరి అభ్యంగనం ఇచ్చాను. మా అమ్మకి ఇవ్వలేకపోయాను. నిద్రలో పోయింది కదా, నా అవసరం పడలేదులే అని ఇన్నేళ్ళూ సర్దిచెప్పుకున్నాను. ఊళ్ళవాళ్ళ దుఃఖం మీద కూడా ఆ అబద్ధమే చదివించావు కదే." ఆయన ఎడమ చెవి ఆమెవైపు తిప్పాడు. "ఇప్పుడు చెప్పు. సినిమా చెప్పినట్టు చెప్పు. దేన్నీ కత్తిరించకు."

చిట్టి కుర్చీని ఆయన ఎడమవైపుకి లాక్కుంది.

"గది. కిటికీ పక్కన మంచం. అమ్మ గోడకి ఆనుకుని కూర్చుంది. పడుకోమంటే వినలేదు."

"ఎటు చూస్తోంది?"

"తలుపుకేసి."

"ఎంతసేపు?"

ఈసారి వేళ్ళు మడవలేదు. "మధ్యాహ్నం చర్చి గంట నుంచి సాయంత్రం గంట దాకా."

"నాకెవరూ ఫోన్ చేయలేదా?"

ఇక దాచడానికి ఏమీ మిగల్లేదు. "నంబరు నా చేతిలోనే ఉందన్నయ్యా. మూడు గంటల ప్రయాణం. మధ్యాహ్నమే చేసుంటే నువ్వు అందుకునేవాడివి. డాక్టరేమో ఇంకో రెండు రోజులకి భయం లేదన్నాడు. అమ్మేమో వద్దంది. ఆ రెండూ పట్టుకుని నేను ఊరుకున్నాను. అందుకే నిద్ర కథ అల్లాను. నీకోసం కాదు, నా తప్పు నీకు కనపడకూడదని."

"అమ్మ వద్దందా? ఏమంది? ఉన్నదున్నట్టు చెప్పు."

"బొమ్మ మధ్యలో వాణ్ణి లేపకే, అంది. సగం చూసి వస్తే వెధవ సగమే రాస్తాడు. అయ్యాక వస్తాడులే, అంది. నవ్వింది కూడా. నవ్వి, మళ్ళీ తలుపుకేసి తిరిగింది."

ఆయన నల్లకళ్ళద్దాలు తీసి ఒళ్ళో పెట్టుకున్నాడు. చూపు పోయిన కళ్ళకి నీళ్ళు మాత్రం పోలేదు. చిన్నపిల్లాడిలా వెక్కి వెక్కి ఏడ్చాడు. నలభై ఏళ్ళు పరుల ఏడుపు ఓదార్చినవాణ్ణి ఎలా ఓదార్చాలో చిట్టికి తెలియలేదు. అమ్మ ఆఖరి మాట అన్నయ్యది. అది ఆయనకి చేరాల్సింది. తన తప్పు కప్పుకోవడానికి దాన్ని పంతొమ్మిదేళ్ళు తన దగ్గరే ఉంచేసుకుంది. ఆ సంగతి ఇప్పటిదాకా తట్టనే లేదు. ఆమెకు తనమీద తనకే అసహ్యం వేసింది.

"నన్ను క్షమించన్నయ్యా."

ఆయన చెయ్యి గాలిలో వెతుక్కుని ఆమె తలమీద ఆగింది. "ఆ గదిలో అంతసేపూ నువ్వొక్కదానివే కూర్చున్నావు కదే," అన్నాడు. పంతొమ్మిదేళ్ళలో ఆ మాట ఎవరూ అనలేదు. చిట్టి ఆయన మోకాళ్ళ మీద తల పెట్టి ఏడ్చింది.

కాఫీ చల్లారిపోయింది. చాలాసేపటికి ఆయన ముఖం తుడుచుకున్నాడు. "ఎడిటరమ్మకి చెప్పు. నాకు చూపు లేదని, ఆ ముగింపు సినిమాలోది కాదని నేనే రాస్తానని."

"ఆదివారం నీ సమీక్షల శీర్షిక తీసేస్తారు అన్నయ్యా."

"తీసేయనీ. ముందు నా పుస్తకం తీసుకురా."

ఆమె తెచ్చి అమ్మ కవిత ఉన్న పేజీ తెరిచింది. ఎదురు చూడలేదన్న మాట మీద ఆయన చెప్పినట్టే గీత కొట్టి, కలం పట్టుకుని కూర్చుంది.

"ఇక్కడ ఏం రాయమంటావు?"

"నువ్వు కొలిచి చెప్పిందే."

చిట్టి గుండ్రటి అక్షరాలతో రాసి చదివింది. "మధ్యాహ్నం గంట నుంచి సాయంత్రం గంట దాకా అమ్మ తలుపుకేసి చూసింది."

"దాని కింద అమ్మ మాట కూడా రాయి. ఒక్క అక్షరం మార్చకు."

రాసింది. బొమ్మ అయ్యాక వస్తాడులే అన్న దగ్గర కలం ఒకసారి ఆగి, మళ్ళీ కదిలింది.

"చదువు," అన్నాడు.

చదివింది.

"మళ్ళీ చదువు."

చిట్టి మళ్ళీ మొదట్నుంచీ చదివింది.