పదకొండు అన్నాను

ఆగస్టు నెల. పొద్దున ఏడింటికే సరస్సు రేవులో నేల కాలుతోంది. నేను బండి వెనక తలుపు తీసి పడవలు ఒక్కొక్కటే కిందికి జార్చాను. ఒక్క మనిషి కూర్చుని రెండు వైపులా తెడ్డు వేసుకునే సన్నటి ప్లాస్టిక్ పడవలు అవి, కయాక్‌లు. విహారానికి వచ్చినవాళ్లకి పదకొండు, ముందు నడిపించే ఎమర్సన్‌కి ఒకటి, వెనక వచ్చే నాకు ఒకటి.

ఎమర్సన్ మా పిన్ని కొడుకు. నాకంటే పన్నెండేళ్లు చిన్న. మాటకారి. సరస్సు మీద గంటసేపు తెడ్డు వేయించి, కొండని నీళ్లు కోసిన సన్నటి రాతి చీలికలోకి నడిపించి, మళ్లీ రేవుకి చేర్చేలోపు అందరినీ కడుపుబ్బ నవ్విస్తాడు. నాకు మాటలు రావు. నాలుగో తరగతిలో ఉండగానే మా అమ్మమ్మ నన్ను గొర్రెల వెనక పంపింది. మంద వెనక నడవడం, ఒక్కటీ తప్పిపోకుండా చూసుకోవడం, నాకు వచ్చిన పని అదే. ఇక్కడా అదే చేసేదాన్ని.

ఈ ఎర్ర రాతి ఎడారిలో తరతరాలుగా గొర్రెలు కాసుకుని బతికే మావాళ్లలో, మనిషి మొహంలోకి తేరిపార చూడటం మర్యాద కాదు. అందుకని నేను టోపీలు లెక్కపెట్టేదాన్ని. వేలు పెట్టి చూపించడం కూడా తప్పే కాబట్టి పెదవులు ముందుకు చాచి, వాటితోనే ఒక్కొక్కరినీ చూపిస్తూ లోపల్లోపలే లెక్క.

ఆ జూన్‌లో ఒకసారి తప్పాను. పది మంది ఉండాల్సింది తొమ్మిదే వచ్చారు. అందరినీ ఎండలో నిలబెట్టేశాను. ఎమర్సన్ పరుగున లోపలికి వెళ్లి వెతికి, చెమటలు కక్కుతూ బయటికొచ్చి, నన్ను చూసి ఆగిపోయాడు.

"అక్కా, నువ్వు చెయ్యి పట్టుకుని నిలబడ్డావే, ఆ పెద్దాయన్ని లెక్కపెట్టావా?"

లేదు. అందరూ నవ్వారు, ఆయన కూడా. ఆ రోజు నుంచి పడవల షెడ్డులో నా పేరు తొమ్మిదక్క. కాఫీ అందిస్తూ తొమ్మిదక్కా, తాళాలు అడుగుతూ తొమ్మిదక్కా. ప్రేమగానే అనేవాళ్లు. కానీ రాత్రి పడుకున్నాక ఆ నవ్వులు చెవిలో మళ్లీ మళ్లీ వినపడేవి.

ఇదంతా ఎందుకు చెబుతున్నానంటే, ఆగస్టులో నేను చేసిన పనికి వేరు అక్కడుంది. సాకు కాదు. వేరు.

ఆ పదకొండు మందిలో ఒంటరిగా వచ్చిన ఒకావిడ ఉంది. నా వయసే. పసుపు టోపీ పెట్టుకుంది. ఆమె పేరు ఇక్కడ రాయను. పోయినవాళ్ల పేరు మావాళ్లు పలకరు. నేను రాయనిది ఆ ఆచారం కోసమా, సిగ్గు వల్లా అంటే నాకే తెలీదు.

చీలిక నోటి దగ్గర పడవలు ఇసక మీదికి లాగాం. లైఫ్ జాకెట్లు విప్పి ఎవరి సీట్లో వాళ్లు పెట్టారు. అక్కడి నుంచి నడక. రెండు వైపులా ఎర్రటి గోడలు లేచి, పైన ఎక్కడో కలిసిపోతున్నట్టు ఉంటాయి. లోపలికి పోయేకొద్దీ చల్లన. మధ్యాహ్నం పూటే దీపాలు పెట్టే వేళ అయినట్టుంటుంది. బురద ఎండిన వాసన, గబ్బిలాల వాసన. ఎవరైనా దగ్గితే ఆ దగ్గు మన కంటే ముందు నడిచి వెళ్తుంది.

పసుపు టోపీ ఆవిడ ఆగి ఆగి నడిచేది. నేను ఆమె వెనక.

"మీకిక్కడ భయం వేయదా?" అని అడిగింది.

"అలవాటండీ."

"నాకు వేస్తోంది. అయినా బాగుంది." గోడకి అరచెయ్యి ఆనించి నవ్వింది. "మీరు వెనక ఉన్నారుగా, ధైర్యంగా ఉంది."

ఆ మాట నా ఒంట్లో ముల్లులా ఉండిపోయింది. ఇవాళ్టికీ ఉంది.

బాగా లోపల, మనిషి పక్కకి తిరిగితే తప్ప దూరలేని చోట ఆమె ఆగింది. పైనుంచి సన్నటి వెలుగు గోడ మీదికి జారుతోంది. రెండు నిమిషాలు చూస్తానంది. సరిగ్గా అప్పుడే ముందు నుంచి ఎమర్సన్ కేక.

"అక్కా! ఒకాయన కాలు మడత పడింది. కట్టు గుడ్డలు నీ సంచీలోనే ఉన్నాయి, తొందరగా రా!"

వెనక ఉండే మనిషి ఎవర్నీ దాటి ముందుకి పోకూడదు. అది మా పనికి మొదటి మాట. నేను దాటాను.

"ఇక్కడే ఉండండి. ఎక్కడికీ కదలకండి. ఇప్పుడే వస్తాను," అన్నాను ఆమెతో.

"సరే. కదలను," అంది.

కాలికి కట్టు కడుతుండగా గాలి మారింది. తడిసిన మట్టి వాసన. మా నెత్తి మీద మచ్చ లేని ఆకాశమే. కానీ ఎక్కడో దూరపు కొండ మీద వాన పడిందంటే ఆ నీళ్లన్నీ ఈ చీలికలోకే రావాలి. ఎమర్సన్ నవ్వడం మానేశాడు.

"అందరూ బయటికి. ఇప్పుడే. అక్కా, నోటి దగ్గర నిలబడి లెక్క చూడు."

ఈ చీలిక గుర్రపు లాడంలా ఒంపు తిరిగి, వేరే దారిన అదే ఒడ్డుకి వస్తుంది. మేము ముందున్న దగ్గరి దారిన బయటపడ్డాం. ఆమె ఉన్నది రెండో దారిలో, మేము లోపలికి వెళ్లిన దారిలో. వాళ్లని లెక్కపెట్టి, ఆమె కోసం వెనక్కి పరిగెత్తాలనుకున్నాను. నిజంగానే అనుకున్నాను.

ఒక్కొక్కళ్లే నా ముందు నుంచి పోయారు. ఎర్ర టోపీ, గళ్ల టోపీ, టోపీ లేని బట్టతల... పది.

వెనక్కి తిరగబోయాను. ఆ రెండో దారిలోంచి పసుపు టోపీ వచ్చింది.

తల వంచుకుని వచ్చింది. మెల్లగా. నా మోచేతికి తగిలేంత దగ్గరగా దాటింది. చల్లన... బావిలోంచి వచ్చే గాలిలా. ఆమె బట్టల్లోంచి నీళ్లు కారుతున్నాయి. లోపల అడుగు తడి లేదు. ఇసకంతా పొడి. మరి ఆ నీళ్లు ఎక్కడివి?

నేను తలెత్తలేదు. మొహం చూడలేదు. ఆమె కాళ్లు చూశాను. చెప్పుల్లేవు.

"లెక్క?" ఎమర్సన్ అరిచాడు.

నా పెదవులు ఆడలేదు. నాకు తెలుసు. ఏదో తప్పని నా ఒళ్లంతటికీ తెలుసు. కానీ లెక్క సరిపోయింది. సరిపోయిన లెక్కని కాదంటే, మళ్లీ అందరినీ ఆపితే, మళ్లీ ఆ నవ్వులు...

"పదకొండు," అన్నాను.

"ఖాయమేనా అక్కా?"

"ఖాయం."

అందరూ పడవలు తోశారు. ఆఖరున నేను. ఒక కాలు నీళ్లలో, ఒక కాలు పడవలో. అప్పుడు వినపడింది. చీలిక లోపల నుంచి. చాలా లోపల నుంచి. కేక కాదు, ఎవరినీ ఇబ్బంది పెట్టకూడదన్నట్టు, మెత్తగా...

"వస్తానన్నారు కదా... నేను కదల్లేదు."

నా ముందు పడవలో పసుపు టోపీ కూర్చుని ఉంది. వెనక ఆమె గొంతు.

రాళ్లలోంచి తెలిసిన గొంతు పిలిస్తే బదులు పలకొద్దని మా అమ్మమ్మ చెప్పేది. పలికితే వెంట వస్తుందట. ఆ మాట నాకు ఆ క్షణంలో ఎంత ఆసరా అయిందో! పెద్దవాళ్ల మాట విన్నాననుకుని తెడ్డు వేశాను. కానీ దేనికి భయపడ్డానో నాకు తెలుసు. దయ్యానికి కాదు. తొమ్మిదక్క అని పిలిచే వాళ్లకి.

దారంతా ఆ పడవ నా ముందే. తెడ్డు లేస్తోంది, పడుతోంది... చప్పుడు లేదు. నీళ్లు చిమ్మడం లేదు. మిగతా పడవల కంటే అది బాగా లోతుకి దిగి పోతోంది, ఇద్దరు ముగ్గురు కూర్చున్నట్టు. మలుపు తిరుగుతుండగా వెనక ఉరుము లాంటి మోత. చీలిక నోట్లోంచి ఎర్రటి నీళ్లు దుంగలతో సహా విరుచుకుపడ్డాయి. నేను వెనక్కి చూసి మళ్లీ ముందుకి తిరిగాను. ముందు పడవ మలుపు దాటిపోయింది.

రేవులో పది మంది దిగారు. పదకొండో పడవ దానంతట అదే వచ్చి ఒడ్డుకి ఆనింది. సీట్లో లైఫ్ జాకెట్ నిటారుగా కూర్చుని ఉంది. మూడు బకిల్సూ పెట్టి ఉన్నాయి. లోపల మనిషి లేదు. లోపలి గుడ్డ మాత్రం పిండితే నీళ్లు కారేలా ఉంది.

ఎమర్సన్ నా వైపు చూశాడు. "అక్కా, బయటికొచ్చింది కదా? నువ్వు చూశావు కదా?"

"చూశాను."

ఆ ఒక్క మాటతో వాళ్లు సరస్సులో వెతికారు. పడవలోంచి జారి పడిందనుకున్నారు. గజ ఈతగాళ్లు వచ్చారు, హెలికాప్టర్ వచ్చింది. నాలుగు రోజులు నీళ్లలోనే వెతికారు. నేను ఒడ్డున వాళ్లకి కాఫీ కాచి పోశాను. లోపల ఎత్తు మీద ఏ గట్టో పట్టుకుని ఆమె బతికే ఉందేమో. కదలనంది కదా. "చీలికలో చూడండి" అనడానికి రెండు మాటలు చాలు. నాలుగు రోజులూ ఆ రెండు మాటలు నా నాలుక మీదే ఉన్నాయి. అన్ని యూనిఫారాల మధ్య నా నోరు పెగల్లేదు. ఐదో రోజు ఎవరో అటు వెళ్లి చూస్తే, ఆ రెండో దారి మనిషెత్తు బురదతో మూసుకుపోయి ఉంది.

విచారణలో లెక్క ఎవరు చూశారని అడిగారు.

"నేను," అన్నాడు ఎమర్సన్, నన్ను వాళ్ల దాకా రానివ్వకుండానే.

అతని పని పోయింది. పిన్ని గొర్రెలు కాయడానికి ఇంటికి వెళ్లిపోయాడు. ఆ తర్వాత చాలాకాలం నన్ను తొమ్మిదక్కా అనలేదు.

ఇది జరిగి రెండేళ్లు. మొన్న అక్టోబరులో పిండి, కాఫీ పొడి తీసుకుని వాళ్లింటికి వెళ్లాను. చెప్పేయాలనే వెళ్లాను. పొద్దు వాలుతోంది. ఎమర్సన్ మందని దొడ్డి దగ్గరికి తోలుకొచ్చాడు. రెండు నెలలుగా చినుకు లేదు, గొర్రెల కాళ్ల కింద దుమ్ము పొగలా లేస్తోంది.

"మంచి వేళకొచ్చావు. గేటు దగ్గర నిలబడి లెక్కపెట్టు. ముప్పై నాలుగు ఉండాలి." కాస్త ఆగి నవ్వాడు. "తప్పకు, తొమ్మిదక్కా."

రెండేళ్ల తర్వాత ఆ పేరు. నన్ను క్షమించాడని దానికి అర్థం. నా తప్పేమిటో తెలియకుండానే క్షమించాడు. నాకు నిలువునా చచ్చిపోవాలనిపించింది.

గొర్రెలు నా ముందు నుంచి దూరాయి. వీపులు లెక్కపెట్టాను. ముప్పై రెండు... ముప్పై మూడు... ముప్పై నాలుగు.

ఆఖరిది మెల్లగా వచ్చింది. నా మోకాలికి తగిలింది. చల్లన.

ఎమర్సన్ గేటు వేశాడు. "సరిపోయిందా?"

వాగు వైపు నుంచి ఒక గొర్రె అరిచింది. దూరంగా. ఒక్కసారి. మళ్లీ ఒకసారి.

దొడ్డిలో గొర్రెలన్నీ ఒక మూలకి ఒత్తుకుపోయాయి. రెండో మూల చీకటిగా ఉంది. అక్కడ ఏదో నిలబడి ఉంది. దాని కింద టప్... టప్... అని నీటి చుక్కలు.

"అక్కా, ముప్పై నాలుగేనా? ఖాయమేనా?"

నా గొంతు నాకే కొత్తగా వినపడింది. "లెక్క సరిపోయింది, తమ్ముడూ. కానీ ఒకటి బయటే ఉండిపోయింది. అరుస్తోంది, వినపడుతోంది." ఊపిరి తీసుకున్నాను. "ఆ రోజు కూడా వినపడింది. ఆమె నన్ను పిలిచింది. విని కూడా పదకొండు అన్నాను."

ఎమర్సన్ నా వైపు చూడలేదు. తర్వాత వాగు వైపు నడిచాడు. నేను వెనక నడిచాను.

గొర్రె నిజంగానే ఉంది. రాళ్ల మధ్య కాలు ఇరుక్కుని. వాళ్లదే, చెవికి గుర్తు ఉంది. ఎమర్సన్ దాన్ని భుజాన వేసుకొచ్చి దొడ్డిలో దించి, తనే లెక్కపెట్టాడు. ఒకసారి. రెండోసారి.

"ముప్పై నాలుగు," అన్నాడు మెల్లగా. "దీనితో కలిపి."

రెండో మూల ఖాళీగా ఉంది. మంద ఇంకా అటు పోవడం లేదు. ఇద్దరం వంగి చూశాం. దుమ్ములో రెండు పాదాల తడి. గొర్రెవి కావు. మనిషివి. చెప్పుల్లేని పాదాలు. వేళ్లు గేటు వైపు, నేను నిలబడి లెక్కపెట్టిన చోటు వైపు తిరిగి ఉన్నాయి.

అడుగులు వచ్చిన జాడ లేదు. వెళ్లిన జాడా లేదు. కదలనన్నట్టు, ఆ రెండే.