అద్దకం కొట్టంలో ఆకుపచ్చ మనిషి

గుడియాత్తంలో ఏటి గట్టున మూతబడ్డ అద్దకం కొట్టం ఒకటుంది. యుద్ధంతో జర్మనీ రంగులు ఆగిపోయాయి, కొట్టం పాడుపడింది; ఎర్ర నూలు ఇప్పుడు బయటి ఊళ్ళ నుంచే వస్తుంది. పొద్దుగూకితే మగ్గాలవాళ్ళు ఆ దారి తొక్కరు. సున్నపు గోడ మీద ఆకుపచ్చ ఆడమనిషి లేచి నిలబడుతుందట... అక్కడే ఎర్ర రంగు తొట్టిలో పడి చచ్చిన కూలి కన్నియమ్మేనట.

బతికుండగా ఆమె దగ్గును పట్టించుకున్నవాడు లేడు. చచ్చాక మాత్రం ఊరంతా కొబ్బరికాయలు కొట్టింది!

ఇది నాకు బాలచంద్రన్ చెప్పింది. నేతవాళ్ళ బిడ్డ, మదరాసు యూనివర్సిటీలో కంటిచూపు మీద పరిశోధన చేసేవాడు. చెల్లెలు వల్లికి ఆ మనిషి కనబడుతోందని తెలిసి పరుగెత్తుకొచ్చాడు. తెల్లారితే తొరపాడి మంత్రగాడు ఏలుమలై దెయ్యం వదలాలని ఆ పిల్ల కళ్ళలో మిరియాల రసం పిండుతాడు— కులపెద్ద చౌడప్ప తీర్పు.

బాలచంద్రన్ ఆయన కాళ్ళ మీద పడ్డాడు. "చూపు పోతాది మామా! ఒక్కసారి కొట్టంలోకి రాండి. అదేందో నేను చూపిస్తా."

"దెయ్యాన్నా? మదరాసులో అది కూడా నేర్పిస్తారా నాయనా?"

చీకటి పడ్డాక వెళ్ళారు. వల్లి అన్న చెయ్యి వదల్లేదు. లోపల గబ్బిలాల కంపు...

బాలచంద్రన్ లాంతరు ముందు ఎర్ర లుంగీ వేలాడదీశాడు. "రెప్ప కొట్టకుండా దీన్నే చూడండి."

చాలాసేపయ్యాక లుంగీ లాగేశాడు.

"ఇప్పుడు గోడ చూడండి."

గోడ మీద ఆకుపచ్చగా... నిలువుగా...

"అయ్యో... వచ్చేసినాది!" చౌడప్ప వెనక్కి జరిగాడు.

"అది మీ కంట్లోనే ఉండాది మామా. పగలంతా ఎర్ర నూలు చూస్తే కన్ను ఎరుపుకు అలిసిపోతాది. తెల్ల గోడ చూడగానే ఆకుపచ్చ లేస్తాది. తలా జుట్టూ మన భయం తగిలించేదే."

చూస్తుండగానే రంగు కరిగిపోయింది. చౌడప్ప నుదురు తుడుచుకున్నాడు. "సరేప్పా. ఏలుమలైని వెనక్కి పంపిస్తా." గబగబా బయటికి నడిచాడు.

"సత్యమే గెలుస్తుంది! అజ్ఞానం నశించాలి!" బాలచంద్రన్ కేక కొట్టమంతా మోగింది.

"మెల్లగా అన్నా..." వల్లి గుసగుసలాడింది. "మామకు చెప్పొద్దు... నాకు ఎర్ర నూలు ఇచ్చి నెలైంది. తెల్ల పంచెలే నేస్తుండాను."

బాలచంద్రన్ లాంతరు ఎత్తి చెల్లెలి ముఖంలోకి చూశాడు. మగ్గం మీద ఏముందని ఆ పిల్లను ఒక్క మాట అడిగి ఉంటే...

"అయితే... ఇంకా కనబడతా ఉండాదా?"

వల్లి గోడకేసి చూడలేదు. అతని భుజం వెనక్కి చూసింది.

"గోడ మీద లేదన్నా... దిగినాది."