మలుపు మింగిన మోటారుసైకిల్

ఇంజనీరమ్మ కాలిక్యులేటర్ ఆన్ చేసి, అలవాటు చొప్పున జాబితాలో మొదటి ప్రోగ్రాం నొక్కింది. రోడ్డు మలుపు లెక్క రావాల్సిన చోట మోటారుసైకిల్ వచ్చింది.

చుక్కలు చుక్కలుగా ఉన్న బుల్లి మోటారుసైకిల్. దాని మీద చుక్కల మనిషి ఒకడు, ఎప్పుడు బయల్దేరదాం అన్నట్టు ఊగుతున్నాడు.

వెనక్కి వెళ్లి మళ్లీ నొక్కింది. మళ్లీ వాడే.

జీపు బానెట్ మీద డ్రాయింగు పరిచి మూలలకు రాళ్లు పెడుతున్న సర్వేయర్ తలెత్తకుండానే అడిగాడు.

"ఎన్నో లెవెల్లో ఉన్నారండీ?"

"మలుపేది?"

"రెండో లెవెల్లో వస్తుంది. కాస్త ముందుగానే తిప్పాలి."

"మీ ఆటలో మలుపు కాదు. నా మలుపు. నా ప్రోగ్రాం ఏదీ అని అడుగుతున్నా."

అప్పుడు తలెత్తాడు. ఎండకు కమిలిన ముఖం, చెవి వెనక పెన్సిలు. ఎవరేమన్నా ముందు నవ్వేసి తర్వాత ఆలోచించే రకం. ఈసారి మాత్రం ముందు ఆలోచించాడు. ఆలోచించే కొద్దీ నవ్వు వెనక్కి వెళ్లిపోయింది.

"మీ ప్రోగ్రాంకి ఏం పేరు పెట్టారండీ?"

"పేరేం పెట్టలేదు. ఒక్క ఇంగ్లీషు అక్షరం. జాబితాలో పైన ఉంటుందని."

"అయితే దాన్ని నేనే తీసేశా."

దాపరికం లేకుండా అన్నాడు. నీళ్లు నమిలి ఉంటే ఆమెకు తిట్టడం తేలికయ్యేది.

"గేమ్ ఎక్కిస్తుంటే మెమరీ చాల్లేదంది. దీన్ని తీసెయ్యమంటావా అని అడిగింది. ఒక్కక్షరం పేరు చూసి, ఏదో ప్రాక్టీసుకి రాసి వదిలేశారనుకున్నా. తీసెయ్యమన్నా."

"నన్నడగాలని అనిపించలేదా?"

"మీరు ఫోన్లో ఉన్నారు. అయినా అంత ముఖ్యమైన దానికి అంత పొట్టి పేరు పెడతారా ఎవరైనా?"

"ఆడలేనమ్మ మద్దెల ఓడందట. చెరిపింది మీరు, తప్పు పేరుదా?"

కానీ ఆ కోపంలో కొంత ఆమె మీదే ఆమెకు. నిన్న కేబుల్ తెమ్మన్నది తనే. తన ప్రోగ్రాం అతని కాలిక్యులేటర్లోకీ కాపీ చేద్దామని. తీరా తెచ్చాక, అతను తీరిక వేళల్లో రాసుకున్న ఆ బైక్ గేమ్ చూసి, "ముందు అది నాకివ్వండి, నాది తర్వాత తీసుకోవచ్చు" అన్నదీ తనే. ఆ కేబుల్ మూరెడు కూడా లేదు. రెండు కాలిక్యులేటర్లను దానితో కలిపితే, పట్టుకున్న ఇద్దరూ భుజం భుజం ఆనించి కూర్చోక తప్పదు. ఇంతలో ఫోనొచ్చింది, టీ వేళ అయిపోయింది, కాపీ సంగతి ఇద్దరూ మర్చిపోయారు. కేబుల్ ఎంత పొట్టిదో మాత్రం ఇద్దరికీ బాగా గుర్తుంది.

ఆ ఫోను చీఫ్ ఇంజనీరుది. ఎండలో తిరిగే పని ఆడపిల్లకెందుకని మొదట్నుంచీ ఆయనకో బెంగ. ఆ బెంగ వెనక, తన పాత ఇంజనీర్ని ఈ రోడ్డు మీదికి తెచ్చుకోవాలన్న కోరిక.

"రేపు భోజనాల వేళకి కంకర లారీలొస్తాయి. ఆలోపు మలుపుకి గుర్తు మేకులు దిగి ఉండాలి. లేకపోతే మిగతా మలుపులు పాతాయన చూసుకుంటాడు. నువ్వు హాయిగా ఆఫీసులో ఫ్యాన్ కింద కూర్చుని బిల్లులు చూసుకో."

హాయిగా అన్న మాట ఆమెకు రాత్రంతా చెవిలో దోమలా మోగింది.

"చేత్తో లెక్కేస్తే సాయంత్రం అవుతుంది," అంది ఇప్పుడు. "లారీలు సాయంత్రం దాకా ఆగవు."

అతను డ్రాయింగు వంక చూశాడు. ఆమె చేతిలో ఊగుతున్న చుక్కల మనిషి వంక చూశాడు.

"నా గేమ్‌లో మలుపులున్నాయండీ."

"ఉంటే?"

"అవి బొమ్మ మలుపులు కావు. మీ లెక్కే. తిన్నగా పోయే దారి ఒక్కసారిగా తిరిగిపోకూడదు కదా, కొద్దికొద్దిగా వంగుతూ పోవాలి. అలాగే వేశా."

"ఆటలోనా?"

"లేకపోతే బండి పడిపోతుంది కదండీ."

"అది ఉత్త చుక్కల బండి."

"చుక్కలదైనా రోడ్డేసింది నేనే కదా. అడ్డగోలుగా వేస్తే నాకు నిద్ర పట్టదు."

"ఎవరు చూడొచ్చారు?"

"నేను చూస్తాగా."

ఆ మాట ఆమె కోపం మధ్యలోకి వచ్చి, చెప్పులు విడిచి, తీరిగ్గా కూర్చుంది. దాన్ని లేచి వెళ్లమనడానికి ఆమెకు నోరు రాలేదు.

"సరే," అంది. "మన మలుపు దాంట్లో ఎక్కించండి."

మలుపెంత వెడల్పు తిరగాలో, ఎంత పొడవో అతను డ్రాయింగులో చూసి నొక్కాడు. తను పరీక్షించుకోవడానికి ఆటలో ఒక మీట పెట్టుకున్నాడట. దారిలో బండిని ఎక్కడ ఆపినా, అక్కడికి కోణం ఎంతో తెర మూల చూపిస్తుంది. ఇంకేం, ఆమె బండి నడపాలి, పది మీటర్లకోసారి ఆపి కోణం చదవాలి. అతను మూడుకాళ్ల స్టాండు మీదుండే కోణాలు కొలిచే మిషన్, అదే థియోడలైట్‌ని అంత కోణానికి తిప్పి, కంటి దగ్గర పెట్టుకుని, గొలుసుతో దూరం కొలిచి ఎరుపు తెలుపు కర్ర పట్టుకున్న చైన్‌మన్‌ని కుడికీ ఎడమకీ జరపాలి. కర్ర నిలిచిన చోట మేకు.

"మేడం ఆట ఆడితే మనం మేకులు కొట్టాలంట," అన్నాడు చైన్‌మన్ సుత్తి పట్టుకున్న వాడితో. "మంచి ఉద్యోగాలు రాసిపెట్టి ఉండాలి."

మేకులు ఒకటొకటే దిగాయి. వెనక తిన్నటి ముక్క మీద రోలర్ వస్తూ పోతూ ఉంది. దాన్ని నడిపే పెద్దాయన ఇంజనీరమ్మకు కన్నతండ్రి. ఈ కంపెనీలో తండ్రి రోలర్ ఎక్కి కూర్చుంటే, కూతురు చదువుకుని వచ్చి ఆ రోలర్ ఎటు పోవాలో గీత గీస్తోంది. నలుగురిలో ఆయన ఆమెను మేడం అనే పిలుస్తాడు. వెక్కిరించాల్సి వచ్చినప్పుడు మాత్రం కూతురే.

రోలర్ దగ్గరికొచ్చినప్పుడు పెద్దాయన పైనుంచి మేకుల వరస చూశాడు.

"ఏమ్మా, మలుపని చెప్పారే. ఇది తాడు లాగినట్టుంది."

ఆమె వెనక్కి తిరిగి చూసింది. నిజమే. మలుపు తిరగలేదు. అన్ని మేకులూ బడిపిల్లల్లా వరసలో తిన్నగా నిలబడ్డాయి.

సర్వేయర్ థియోడలైట్‌ని వంగి చూశాడు, లేచి చూశాడు. "మీరు చెప్పిన కోణమే పెట్టానండీ."

ఆమె తెర మూల అంకెను ఇంకోసారి చూసింది. మరీ చిన్నది. కనుబొమలు ముడిచింది, విప్పింది, నవ్వింది.

"మీ బండి రేడియన్లలో పోతోంది."

"పోతే?"

"మీ ముందున్న మిషన్ డిగ్రీల్లో తిరుగుతోంది. ఒక్క రేడియనంటే యాభై ఏడు డిగ్రీలు."

అతను నుదురు కొట్టుకున్నాడు. "బైక్ వాడికి డిగ్రీలతో పనేముందని అలా వదిలేశా."

"వాడికి లేదు. నాకుంది. మొదట్నుంచి కొడదాం."

చైన్‌మన్ సుత్తి వాడి వంక చూసి మేకులు పీకడం మొదలుపెట్టాడు.

ఈసారి మేకులు మెల్లగా పక్కకు ఒరిగాయి. ఒకచోట ఆమె చెయ్యి జారింది.

"పడ్డా," అంది.

అతను థియోడలైట్ వదిలేసి గబుక్కున తిరిగాడు. "దెబ్బ తగిలిందా?"

"నేను కాదు. బండి."

చైన్‌మన్ దూరంగా కర్రను ఆనుకుని పొట్ట పట్టుకున్నాడు. సర్వేయర్ చెవులు ఎర్రబడ్డాయి. ఎండ వల్ల కాదని ఆమెకు తెలుసు, ఎందుకంటే ఎండ పోయి చాలాసేపైంది. మబ్బు కమ్ముకుని, చూస్తుండగానే వాన మొదలైంది. పెద్ద వాన కాదు. ఊరికే పలకరించి పోదామని వచ్చి, కబుర్లలో పడి కూర్చునే చుట్టంలాంటి వాన.

థియోడలైట్‌కి ఒక గొడుగుంటుంది. పెద్దది, పసుపుపచ్చది. అది మిషన్‌కి, మనిషికి కాదు. సర్వేయర్ తడవొచ్చు, అద్దం తడవకూడదు. అతను గొడుగు విప్పి ఒక చేత్తో మిషన్ మీద పట్టుకుని, రెండో చేత్తో మర తిప్పుతున్నాడు. ఆమె కాలిక్యులేటర్‌ని చున్నీ కింద దాచుకుని అంకెలు చదువుతోంది. చదువుతున్నదల్లా ఆగింది. తన మీద వాన పడటం లేదు.

తలెత్తి చూస్తే గొడుగు తన మీదుంది. మిషన్ నెత్తి మీద అతని టోపీ ఉంది. అతను నిలువునా కారిపోతూ అద్దంలోంచి చూస్తున్నాడు.

"గొడుగు మిషన్‌కండీ," అంది ఆమె.

"మిషన్‌కి టోపీ పెట్టాగా. మీ కాలిక్యులేటర్ తడిస్తే మన మలుపు పోతుంది."

"కాలిక్యులేటర్ కోసమేనా?"

"దాన్ని పట్టుకున్నవాళ్లు కూడా తడవకపోతే మంచిదే."

ఆమె గొడుగు కర్రను పట్టుకుని మధ్యకు లాగింది. మిషన్‌తో కలిపి ముగ్గురికీ సరిపోయింది, కొంచెం ఇరుక్కుంటే. కేబుల్ అంత దగ్గర కాదు గానీ, దాదాపు అంతే. రోలర్ ఆ పక్కగా వచ్చి, ఎప్పటికన్నా కాస్త నెమ్మదిగా వెనక్కి పోయింది.

వాన వెలిసేసరికి చివరి మేకు మిగిలింది. మలుపు అవతల తిన్నటి దారి మొదలయ్యే చోట ముందే పాతిన రాయి ఒకటుంది. లెక్క సరిగ్గా ఉంటే ఈ మేకు ఆ రాయి మీదికే రావాలి. రాకపోతే పొద్దుట్నుంచి కొట్టినవన్నీ కట్టెపుల్లలే. సరిగ్గా అప్పుడే చీఫ్ జీపు వచ్చి ఆగింది. వెనకాలే లారీలు.

ఆమె బండిని చివరి దాకా నడిపి ఆపింది. కోణం చదివింది. అతను తిప్పాడు. చైన్‌మన్ కర్రను అటు ఇటు జరిపి నిలబెట్టాడు. కర్ర మొన రాయి మీద, గీసిన గుర్తుకు బొటనవేలి వెడల్పు పక్కన దిగింది. రోడ్డుకి అది లెక్కలోకి రాని తేడా.

చీఫ్ వచ్చి గొంతుక్కూర్చుని, ఒక కన్ను మూసి, మేకుల వరసంతా చూశాడు. లేచి ప్యాంటు దులుపుకున్నాడు.

"బాగానే వచ్చిందే. ఏదీ, లెక్క చూపించు."

ఆమె కాలిక్యులేటర్ ఆయన చేతిలో పెట్టింది. మోటారుసైకిల్ మనిషి ఊగుతూ కనిపించాడు.

"ఏంటిది?"

సర్వేయర్ ముందుకొచ్చాడు. "నేనెక్కించిన గేమండీ. అది ఎక్కించబోయి మేడం ప్రోగ్రాం చెరిపేశా. తప్పు నాది."

"అయితే సాయంత్రం సామాను సర్దుకో. పక్క సైట్లో మట్టి కొలతలున్నాయి, అవి చూసుకుందువు గాని."

ఆమె ఒక్క క్షణం కూడా ఆలోచించలేదు. "సర్దుకోరండీ," అంది. "ప్రోగ్రాంకి పేరు పెట్టనిదీ, కాపీ దాచుకోనిదీ నేను. దాన్ని చెరిపింది ఈ గేమే, మలుపేసిందీ ఈ గేమే. మేకు తప్పైతే చెప్పండి, ఇద్దరం సర్దుకుంటాం. తప్పు కాకపోతే మిగతా మలుపులన్నీ నేనే వేస్తా. వాటికి ఈయన నాకు కావాలి."

చీఫ్ మేకుల వంక, రాయి వంక, లారీల వంక చూశాడు. ఇంక చూడ్డానికేమీ లేక ఒక మీట నొక్కాడు. మోటారుసైకిల్ కదిలి, మొదటి మలుపులోనే దొర్లింది.

"పడిపోయాడేంటి వీడు?"

"మీరు తిప్పలేదండీ," అన్నాడు సర్వేయర్.

"ఊ," అని కాలిక్యులేటర్ ఆమెకిచ్చేశాడు చీఫ్. "మిగతావీ నువ్వే కానివ్వు." లారీ వాళ్లను కేకేస్తూ అటు వెళ్లిపోయాడు.

కంకర దిగుతోంది. ఇద్దరూ థియోడలైట్‌ని విప్పి పెట్టెలో సర్దుతున్నారు.

"మిగతా మలుపులకి కావాలన్నారు," అన్నాడతను. "ఆ తర్వాత?"

"ఆ తర్వాత రోడ్డు తిన్నగా ఉంది."

"తిన్నటి రోడ్డుకి సర్వేయర్ అక్కర్లేదన్నమాట."

"సర్వేయర్ అక్కర్లేదు. పక్కన నడిచే మనిషైతే చాలు."

అతని చేతిలో పెట్టె మూత అలాగే ఉండిపోయింది. "వారం నుంచి ఎలా అడగాలా అని నేను లెక్కలేసుకుంటుంటే, మీరు ఇంత తేలిగ్గా అనేశారేంటండీ."

"మీ లెక్క తేలేసరికి రోడ్డు అయిపోతుందని అనేశా. నా వంతు అయింది. ఇక మా నాన్నని అడగండి. అది మాత్రం మీరే."

అతను తలపాగా చుట్టినట్టు రుమాలుతో తల తుడుచుకుని, రోలర్ వైపు నడిచాడు. రోలర్ ఆగలేదు. అతను పక్కనే నడుస్తూ, ఇంజను మోతలో వినబడేలా గొంతు పెంచాడు. రోలర్ పక్కన రహస్యాలు సాగవు. సైటంతా పని ఆపి చెవులప్పగించింది.

"మీ అమ్మాయిని పెళ్లి చేసుకుందామనుకుంటున్నా మావయ్యా. మీరు సరేనంటే."

పెద్దాయన ఇంజను ఆపాడు. తీరిగ్గా కిందికి చూశాడు.

"ఇప్పుడు కొత్తగా అడుగుతున్నావేంట్రా. ఈ సైట్లో కుర్రాళ్లందరూ నన్ను బాబాయ్ అంటారు. నువ్వొక్కడివే వచ్చిన రోజు జీపు దిగుతూ, నా పక్కన మా అమ్మాయిని చూసి, నమస్తే మావయ్యా అన్నావు. బాబాయ్ అంటే అది నీకు చెల్లెలవుతుందని భయం."

"అప్పటికి ఆమె పేరు కూడా తెలీదండీ."

"పేరు తెలీదు గానీ వరస తెలిసింది. గట్టివాడివే." పెద్దాయన మీసంలో నవ్వు దాచుకోవాలని చూశాడు. కుదర్లేదు. "ఆదివారం మీ అమ్మనీ నాన్ననీ ఇంటికి తీసుకురా. అంతకు ముందు ఒక మాట కనుక్కోవాలి."

సీట్లోంచి లేచి నిలబడి, అవతల పెట్టె పక్కన నిలుచున్న కూతుర్ని కేకేశాడు.

"ఏమ్మా. వీడికి నేను బాబాయ్‌నా, మావయ్యనా?"

చైన్‌మన్, సుత్తి వాడు, లారీ డ్రైవర్లు, దూరంగా చీఫ్, అందరి తలలూ ఒకేసారి ఆమె వైపు తిరిగాయి. ఆమె తల దించుకోలేదు.

"మావయ్యవే, నాన్నా," అంది, అందరికీ వినబడేలా.