దన్‌బారొవ్‌ల రాళ్ళ గుట్ట

నాయనమ్మ ప్రార్థన పుస్తకం అట్టలోంచి జారిపడ్డ పటం పట్టుకుని వేరా దన్‌బారొవా ఉరాల్ అడవిలో పడి మూడు రోజులైంది. స్కాట్లండ్ నుంచి కత్తి చేతబట్టి వచ్చి జార్ కొలువులో ప్రభువులైన వంశం వాళ్ళది. ఏం లాభం? ఇల్లు కాలి కాగితాలన్నీ బుగ్గయ్యాయి. మూడు తరాలుగా ప్రభువులేనన్న రుజువు నెలాఖరులోగా చూపకపోతే తమ్ముడు అల్యోషాను మామూలు సిపాయిగా పాతికేళ్ళు పట్టుకుపోతారు. జార్ ఇచ్చిన పట్టా ఒక గుహలో, పెట్టెలో ఉందని పటం మీద రాసి ఉంది.

"తల వంచండి దొరసానమ్మా!" దారి చూపే ముసలి వేటగాడు యెఫీమ్ అరిచాడు. ఇరుకు సందులో బోర్లా పాకి, లేచి కాగడా ఎత్తారు. అబ్బ, ఎంత గుహ! కప్పు కంటికి అందలేదు. గోడల నిండా మంచు పలకలు, పలక పలకలో వాళ్ళ కాగడా వెలుగే. నడుమ మనిషెత్తు రాళ్ళ గుట్ట.

"ఎవడు పోగేశాడో ఈ చెత్త!" యెఫీమ్ ఒక రాయి తీసి విసరబోయాడు.

"ఆగు తాతా!" రాతిమీద పేరు, హోదా, పటాలం, సంవత్సరం చెక్కి ఉన్నాయి. "మావాళ్ళు యుద్ధానికి వెళ్తూ తలా ఒక రాయి పెట్టేవారట. తిరిగొచ్చినవాడు తన రాయి తీసుకుంటాడు. ఇవన్నీ రానివాళ్ళవి."

యెఫీమ్ టోపీ తీసి శిలువ గుర్తు వేసుకున్నాడు.

గుట్ట వెనకే పెట్టె దొరికింది. నిండా బంగారు నాణేలు! పైనున్న పట్టా మాత్రం చెమ్మకు నాని, ముట్టుకోగానే ముద్దయిపోయింది.

"అయిపోయింది తాతా. తమ్ముడు నాకు దక్కడు!" వేరా కుప్పకూలింది.

అంతలో గుహ దద్దరిల్లింది. పైన కరిగిన మంచునీరు గోడ పగలగొట్టుకుని లోపలికి దూకింది. చూస్తుండగానే నీళ్ళు మోకాళ్ళ దాకా వచ్చాయి.

"బంగారం మూటగట్టండి, పరుగెత్తండి!"

వేరా కళ్ళు గుట్టమీదే ఉన్నాయి. తాతలూ తండ్రీ ఏ పటాలంలో పనిచేశారో తెలియకనే కదా ఇన్నాళ్ళూ దస్త్రాల్లో పేర్లు వెతికించలేకపోయింది! "బంగారం వదిలెయ్ తాతా! రాళ్ళు తియ్!"

"పిచ్చెక్కిందా తల్లీ!" అంటూనే ముసలాడు గుట్టమీద పడ్డాడు. ముత్తాతది దొరికింది, తాతది దొరికింది. నీళ్ళు నడుం దాటాక, అల్యోషా కడుపులో ఉండగా యుద్ధానికి వెళ్ళిన తండ్రిది దొరికింది. మూడింటినీ ఒళ్ళో కట్టుకుని, ఈదుతూ పాకుతూ బయటపడేసరికి గుహ నోటినిండా నీళ్ళే.

నెలాఖరుకు పటాలాల దస్త్రాల్లో మూడు పేర్లూ దొరికాయి. అల్యోషాను ఎవరూ పట్టుకుపోలేదు. తండ్రి ముఖమే ఎరగని ఆ ఇరవయ్యేళ్ళవాడు గడపలో నిలబడి, ఆయన రాయిని రెండు చేతులా అందుకుని, "వచ్చావా నాన్నా" అన్నాడు.