కారం మిల్లులో మౌలాబీ చెయ్యి

మౌలాబీ చెయ్యి మళ్ళీ వణికిందంటే దోషులు మీరు. పుర్రెకు రెండు చిల్లులు పెట్టి, మెదడులోకి రెండు తీగలు దించి, చెవి వెనక నుంచి మెడ మీదుగా లాగి, ఎడమ భుజం దిగువన చర్మం కింద బ్యాటరీ డబ్బా కుట్టిన పెద్ద డాక్టర్లు మీరు. లావుపాటి ఇంగ్లీషు పుస్తకం చేతిలో పెట్టి, వేలిముద్ర వేయించుకుని, బస్సెక్కించి పంపారు. ఆ ఇంట్లో ఇంగ్లీషు చదివేవాళ్ళు లేరని మీకు తెలుసు. ఇంటికెళ్ళి ఏం పని చేస్తావమ్మా అని మీలో ఒక్కరంటే ఒక్కరు అడగలేదు.

ప్రత్తిపాడులో ఆ రోజు అన్ని రోజుల్లాగే తెల్లారింది. రెండు వేల నాలుగు, మార్చి నెల. ఎండుమిరపకాయల ఘాటుకి వీధి వీధంతా తుమ్ముతోంది. కోడలు షమీమ్ టీ గ్లాసు అత్తకిచ్చి, అలవాటుకొద్దీ గ్లాసు కింద తన అరచెయ్యి పట్టింది.

“తియ్యవే చెయ్యి. నేనింకా చంటిపిల్లనా?” అంది మౌలాబీ.

గ్లాసు కదల్లేదు. ఆపరేషనుకి ముందు ఆరేళ్ళు ఆమె నోటికి నీళ్ళు కూడా వేరేవాళ్ళు అందించాల్సి వచ్చింది. పార్కిన్సన్ అన్నారు. మందులు పనిచేసి పనిచేసి మానేశాయి. చివరికి కొడుకు జాన్ బాషా పొలం అమ్మి హైదరాబాద్ తీసుకెళ్ళాడు. ఆ డబ్బాలోంచి సన్నటి కరెంటు మెదడుకి అందుతుంటే వణుకు అణిగిపోయింది. ఎనిమిది నెలలైంది. ఈ వేసవికి మౌలాబీ మళ్ళీ కారం మిల్లులో తన స్టూలు మీద కూర్చుంది.

ఆ ఇల్లు తాతల కాలం నుంచి దూది ఏకిన ఇల్లు. దూది పని పోయాక మౌలాబీ భర్త మాబు సాహెబ్ ఇంటి ముందు ఈ మిల్లు పెట్టాడు. ఏడాదికి సరిపడా కారం పట్టించుకోవడానికి ఆడవాళ్ళు బస్తాలతో వస్తారు. మిల్లులో కాయలు పోసే గరాటు మూతి దగ్గర రొట్టెల పెనమంత అయస్కాంతం పలక ఉంటుంది. కాయల్లో కలిసొచ్చిన మేకులూ, విరిగిన గోనెసూదులూ దానికి అంటుకుంటాయి. కిందటేడు ఎవరి కారంలోనో సూది ముక్క దొరికి గొడవైతే జాన్ బాషా కొత్తగా బిగించాడు. ఒకరి కాయ అయ్యాక పలక ఊడదీసి తుడిచిగాని రెండోవాళ్ళది పోయనివ్వదు మౌలాబీ. బరువైన పలక. ఎడమచేత్తో గుండెకి అదుముకుని, కుడిచేత్తో కొంగుపెట్టి తుడిచేది.

“ఏం మౌలాబీ, తలలో కరెంటు పెట్టించుకున్నావంట! చీకట్లో బల్బులాగా వెలుగుద్దా?” అంది పిచ్చమ్మ బస్తా దించుతూ.

“వెలుగుద్దిగా. మీ ఇంట్లో కరెంటు పోతే నన్ను తీసుకుపోయి నట్టింట్లో కూర్చోబెట్టుకో.”

అందరూ నవ్వారు. షమీమ్ కూడా నవ్వింది. కానీ పిచ్చమ్మ కారం పూర్తయి, తర్వాతి బస్తా సగమయ్యేసరికి మౌలాబీ వేళ్ళు మాత్ర చుడుతున్నట్టు కదలడం మొదలైంది. ఆ నవ్వు షమీమ్ ముఖం మీదే ఆరిపోయింది.

అప్పటికి పది రోజులుగా ఇదే వరస. ఒక పూట రాయిలా నిలబడే చెయ్యి ఇంకో పూట చేపపిల్లలా కొట్టుకుంటుంది. కాసేపటికి, ఎవరూ ఏమీ చెయ్యకుండానే, మళ్ళీ నిలబడుతుంది. మందు మార్చలేదు, తిండి మారలేదు. ఇంట్లో మాటలు తగ్గిపోయాయి. ఆ డబ్బాలో ఏదో చేరిందని వీధిలో గుసగుసలు మొదలయ్యాయి.

ఆ మధ్యాహ్నం అన్నం దగ్గర మౌలాబీ చేతిలో ముద్ద నోటికి అందక ఒళ్ళో పడింది. జాన్ బాషా కంచం పక్కకు నెట్టాడు.

“పొద్దున పిచ్చమ్మ ముందు చెయ్యి బ్రహ్మాండంగా ఉంది. మా ముందు కూర్చోగానే మొదలెడతావ్. ఎవరి మీదమ్మా ఈ కోపం?”

“కోపమెందుకురా! నా చెయ్యి నా మాట వినట్లా.”

“పొద్దునెట్లా విన్నది మరి?”

“ఒరేయ్, అమ్మతో ఆ మాటలేంట్రా?” అన్నాడు మాబు సాహెబ్.

“నువ్వుండు నాన్నా. పొలం అమ్మింది ఈ వేషాలు చూడ్డానికా?”

షమీమ్ అడ్డుపడాల్సింది. పది రోజులుగా ఒళ్ళో అన్నం ఎత్తుతూ, మాసిన చీరలూ జాకెట్లూ ఉతుకుతూ విసిగి ఉంది. “మిల్లులో కూర్చోవడం ఇష్టం లేకపోతే నోటితో చెప్పొచ్చుగా అత్తా,” అనేసింది.

మౌలాబీ కోడలి వంక చూసింది. కొడుకు మాటకి రాని నీళ్ళు అప్పుడొచ్చాయి. తుడుచుకోబోతే చెయ్యి కంటికి కాకుండా చెవికి తగిలింది.

“నాది వేషమైతే రేపు మిల్లంతా నేనొక్కదాన్నే నడుపుతా. బెల్టు కూడా నేనే ఎక్కిస్తా. చూద్దురుగాని,” అంది.

ఎవరూ వద్దనలేదు. మోటారు తిరుగుతుండగానే జారిన బెల్టుని అరచేత్తో తోసి చక్రం మీదికి ఎక్కించడం ఆ మిల్లులో అలవాటు. ఒక్క అంగుళం తప్పితే వేళ్ళుండవు. ఆ సంగతి తెలిసీ ఎవరూ వద్దనలేదు.

మర్నాడు ఆమె చెయ్యి నిలకడగానే ఉంది. కొడుకు వైపు చూడకుండా మోటారు వేసింది. మొదటి బస్తా అయింది. పలక తీసి, గుండెకి అదుముకుని, తుడిచి పెట్టింది. కోటిరత్నం తెచ్చిన కాయలు గరాటులో పోసింది. షమీమ్ గుమ్మంలో నిలబడి చూస్తోంది. మోటారు మోత ఉన్నట్టుండి మారింది. బెల్టు జారింది.

మౌలాబీ లేచి చెయ్యి చాపింది. చాపిన చెయ్యి గాల్లోనే కొట్టుకోసాగింది. వెనక్కి తీసుకోవాలని ఆమె కళ్ళు చెబుతున్నాయి. చెయ్యి మాత్రం చక్రం వైపే పోతోంది.

“అత్తా!”

షమీమ్ ఒక్క దూకున వెళ్ళి స్విచ్చి కొట్టింది. తిరుగుడు ఆగేలోపు చక్రం కొంగు పట్టుకుంది. షమీమ్ అత్త నడుం పట్టి వెనక్కి లాగింది. చీర చర్రున చిరిగింది. ఇద్దరూ మిరపకాయల మీద పడ్డారు.

కొంగు లేని జాకెట్టు మీద, ఎడమ వైపున, సరిగ్గా డబ్బా కుట్టిన చోట, నల్లటి ఇనపరజను మరక. కొత్త మరక కాదు. రోజూ షమీమ్ బండ మీద వేసి రుద్దుతున్న మరకే. షమీమ్ పలక వైపు చూసింది. మళ్ళీ మరక వైపు చూసింది. తుడిచిన ప్రతిసారీ పలక ఆనేది అక్కడే.

ఆమె మిల్లులోని ఫోను తీసి హైదరాబాద్ ఆసుపత్రికి కలిపింది. ఈ డబ్బాల మిషన్లు చూసే ఆయన లైనులోకి వచ్చాడు.

“వణుకు వస్తోందా? సరే, వచ్చే నెల తీసుకురండి.”

“వచ్చే నెలకి ఈ చెయ్యి ఉండదు సార్! మా మిల్లులో మాగ్నెట్టు ఉంది. అత్త దాన్ని గుండెకి ఆనించుకుని తుడుస్తది. దానికీ డబ్బాకీ ఏమన్నా ఉందా?”

“అయ్యో. మాగ్నెట్టు ఒకసారి తగిలితే డబ్బా ఆగిపోతుందమ్మా. ఇంకోసారి తగిలితే మళ్ళీ మొదలవుతుంది. పుస్తకంలో రాసే ఉందే!”

“ఏ భాషలో రాశారు సార్?”

“పుస్తకంతో పాటు చిన్న పెట్టె ఇచ్చాం. అందులో నల్లటి మాగ్నెట్టు బిళ్ళ ఉంటుంది. డబ్బా మీద రెండు సెకన్లు పెట్టి తీసెయ్యండి,” అన్నాడు.

ఆ పెట్టె బీరువాలో ఉంది. హైదరాబాద్ సామాను, సీలు తీస్తే ఏమవుతుందోనని ఆకుపచ్చ గుడ్డ చుట్టి దాచారు. జాన్ బాషా పళ్ళతో సీలు చించాడు. షమీమ్ బిళ్ళని అత్త గుండె మీద పెట్టి, ఒకటి, రెండు అని పైకే లెక్కపెట్టి తీసింది.

కాసేపటికి మౌలాబీ వేళ్ళు నెమ్మదించాయి. తర్వాత పూర్తిగా ఆగాయి.

జాన్ బాషా మిరపకాయల్లోనే కూలబడి తల్లి ఒళ్ళో తల పెట్టాడు. “వేషమన్నానమ్మా. నిన్ను నేను వేషమన్నాను.”

“కారం కళ్ళలో పడుద్దిరా, లే,” అంది మౌలాబీ. ఆ చేత్తోనే వాడి జుట్టు దులిపింది.

షమీమ్ అత్త పాదాల దగ్గర కూర్చుని వెక్కివెక్కి ఏడ్చింది. “రోజూ నా చేతుల్తోనే ఉతికా ఆ మరకని. ఒక్కసారన్నా ఇదేంటత్తా అని అడగలా నేను.”

“నీ సంగతి తర్వాత చూస్తాలే. ముందు ఆ ఫోనిట్టా ఇవ్వు.” మౌలాబీ ఫోను చెవికి ఆనించుకుంది. ఆయన ఇంకా లైనులోనే ఉన్నాడు.

“ఇదిగో నాయనా, నేనే మౌలాబీని. మీరు బతికించారు, కాదన్ను. కానీ నా తర్వాత ఎంతమందికి ఈ డబ్బా కుట్టారు? వాళ్ళందరికీ ఇప్పుడే ఫోన్లు చెయ్యి. పొద్దున లేచిన దగ్గర్నుంచి ఏం పట్టుకుంటావు, ఏది ఎత్తుతావు, దేనికి ఆనుకుంటావు అని అడుగు. ఆ పుస్తకం తెలుగులో రాయించండి, చదువు రానోళ్ళకి ఎదురుగా కూర్చుని చెప్పండి. అప్పటిదాకా ఇంకో మనిషి తల కొయ్యొద్దు. వచ్చే నెల కాదు నాయనా. ఇవాళే మొదలుపెట్టు.”